అక్షయపాత్ర ఖాళీ అయ్యే వేళ

విద్యానగర్‌లో ఇంకొక పాత ఇల్లు అపార్ట్‌మెంటుకు పోతోంది. ముందు జామచెట్టు, వెనక పూడిపోయిన బావి, మధ్యలో రెండు వాటాలు. భోగికి ముందురోజు అటక మీది సామానంతా దించి వరండాలో మూడు వరసలుగా పెట్టారు. ఒకటి వెంట తీసుకుపోయేవి, రెండోది పాత సామాన్లవాడికి ఇచ్చేవి, మూడోది తెల్లవారి భోగి మంటలో వేసేవి. ఆ వరసల మధ్య పీటలు వేసుకుని ఇద్దరు సాయంత్రం దాకా వాదించుకున్నారు. ఒకరు ముప్పై ఏళ్ళు పిల్లలకు చరిత్ర పాఠం చెప్పి రిటైరైన అత్తమ్మ. రెండో మనిషి ఆమె మేనల్లుడు. ఊహాలోకం ఒకటి కట్టుకుని అందులో నవల రాస్తున్నాడు. వాదం పుట్టింది అతని నోటుపుస్తకం దగ్గర. దాని అట్ట మీద ‘మాయా ఇంటిసామాన్ల చరిత్ర’ అని ఉంది. పక్కవాటాలో ఉండి ఆ మాటలు విన్నాను. గుర్తున్నంతలో ఇక్కడ రాస్తున్నాను.

అత్తమ్మ: మొదటి పేజీ దాటలేకపోయాను బిడ్డా. గింజ వేయకుండానే పిండి పోసే తిరగలిని 312వ సంవత్సరంలో రెండో చంద్రసేనుడి ఆస్థాన శిల్పి చెక్కాడని రాశావు. ఎవరి 312 అది? ఏ రాతి మీద ఉంది? ఎవరు చూశారు?

మేనల్లుడు: మన 312 కాదు అత్తమ్మా. ఆ లోకంలో శకం వేరు, రాజులు వేరు. ఇది కల్పన అని చదివేవాళ్ళకు మొదటి వాక్యంలోనే తెలిసిపోతుంది.

అత్తమ్మ: అయితే కథ అను, చరిత్ర అనకు. ఒక సంవత్సరం తేల్చడానికి మావాళ్ళు పడే పాట్లు నీకు తెలియవు. లిపి వంపులు చూస్తారు, శక సంవత్సరం, తిథి, వారం లెక్కగడతారు, గ్రహణం మాట ఉంటే దానితో సరిచూస్తారు. అప్పుడు గాని ఒక అంకె పడదు. చిక్కడపల్లి సిటీ సెంట్రల్ లైబ్రరీలో గ్రూప్స్ పరీక్షలకు చదివే పిల్లల్ని రోజూ చూస్తున్నావు కదా. అశోక్‌నగర్ ఇరుకు గదుల్లో ఉంటూ ఆ అంకెలే వల్లె వేస్తున్నారు. ఒక్క అంకె తప్పితే మార్కు పోతుంది, మార్కు పోతే ఉద్యోగం పోతుంది. అంకె అంటే వాళ్ళకున్న భయం నీకూ ఉండాలి.

మేనల్లుడు: ఉంది కాబట్టే వేశాను. పుట్టుక తెలియని వస్తువును పాఠకుడు నమ్మడు. ఎవరు చేశారు, ఎవరి చేతికి వచ్చింది, ఎప్పుడు పగిలింది, ఎవరు అతికించారు అన్నవి తెలిస్తేనే అది చేతికి తగులుతుంది. నేను చరిత్రను వెక్కిరించడం లేదు, చరిత్ర నడిచే తీరును అప్పు తెచ్చుకుంటున్నాను.

అత్తమ్మ: పాత కథలకు ఆ అప్పు అక్కర్లేకపోయింది. 1947 జూలైలో చందమామ మొదలైంది. మేం ఆ పుస్తకాలతో పెరిగాం. దాసరి సుబ్రహ్మణ్యం సీరియళ్ళు, చిత్రా గీసిన బొమ్మలు చూస్తూ నెలంతా ఎదురుచూసేవాళ్ళం. తివాచీ ఎగిరిందంటే ఎగిరింది. ఏ సాలెవాడు నేశాడని మేం అడగలేదు. అడిగితే మాయ పోతుంది.

మేనల్లుడు: మీరు అడగకపోయినా కథ చెబుతూనే వచ్చింది. కథాసరిత్సాగరంలో పుత్రకుడి కథ గుర్తు చేసుకో. అడవిలో ఇద్దరు కొట్టుకుంటుంటారు. వాళ్ళు మయాసురుడి కొడుకులు. వాళ్ళ తండ్రి వదిలిపోయిన ఆస్తి మూడే వస్తువులు: కోరిన తిండి పెట్టే పాత్ర, రాసిందల్లా నిజం చేసే కర్ర, గాలిలో నడిపించే పాదుకలు. పరుగు పందెంలో గెలిచినవాడు తీసుకోండని చెప్పి వాళ్ళను పరుగెత్తించి, పుత్రకుడు పాదుకలు తొడుక్కుని మూడింటితో ఎగిరిపోతాడు. ఆ కర్రతో గీసిన ఊరే పాటలీపుత్రం అంటుంది కథ. చేసినవాడి పేరుంది, వారసులున్నారు, తగాదా ఉంది, చేతులు మారిన వైనం ఉంది. దస్తావేజుకు ఇంతకన్నా ఏం కావాలి? సోమదేవుడు దాన్ని కశ్మీరంలో 11వ శతాబ్దంలో సంస్కృతంలో రాశాడు గాని, దానికి మూలమైన గుణాఢ్యుడి బృహత్కథ మన శాతవాహనుల కొలువులో పుట్టిందని పరంపరగా చెప్పుకుంటున్నాం.

అత్తమ్మ: ఆ బృహత్కథ మూలం నేటికీ దొరకలేదు.

మేనల్లుడు: మూలం దొరకలేదు గాని పాత్ర, కర్ర, పాదుకలు మిగిలాయి. కొరవి గోపరాజు సింహాసన ద్వాత్రింశిక చూడు. మన తెలంగాణ కవి, 15వ శతాబ్దం వాడు. ఆ సింహాసనం ఇంద్రుడి దగ్గరి నుంచి విక్రమార్కుడికి వచ్చింది, తర్వాత మట్టిలో కలిసింది, భోజుడి కాలంలో బయటపడింది. భోజుడు ఎక్కబోయిన ప్రతిసారీ ఒక బొమ్మ అడ్డుపడి, నీకు ఆ అర్హత ఉందా అని అడిగి కథ చెబుతుంది. అంటే ముప్పై రెండు బొమ్మలూ కలిసి ఆ కుర్చీకి చరిత్ర చెబుతున్నాయి. మధిర సుబ్బన్న దీక్షితుల కాశీమజిలీ కథలు పన్నెండు భాగాలు. అందులో గొల్లపిల్లాడు దారిలో వింత కనిపించినప్పుడల్లా దాని సంగతి చెప్పమని అడుగుతాడు. మణిసిద్ధుడు తన దగ్గరున్న మణి మహిమతో దాని పూర్వకథ తెలుసుకుని చెబుతాడు. వింత వస్తువు చరిత్ర చెప్పడమే ఆ మణి పని. నేను చేస్తున్నదీ అదే.

అత్తమ్మ: సరే, పూర్వకథ ఉందని ఒప్పుకుంటాను. కాని చెప్పేకొద్దీ వింత తగ్గుతుందన్న మాట వదులుకోను.

మేనల్లుడు: సాలార్‌జంగ్ మ్యూజియం గడియారం దగ్గర నిలబడిన రోజు మర్చిపోయావా? లోపల పళ్ళచక్రాలున్నాయని, కలకత్తాలో కుక్ అండ్ కెల్వీ వాళ్ళు అమ్మిందని నువ్వే చెప్పావు. అంతా తెలిసి కూడా గంట కొట్టే వేళకు ముందే చోటు చూసుకుని కూర్చున్నావు. బొమ్మ తలుపు తీసుకుని బయటికి రాగానే చిన్నపిల్లలా చప్పట్లు కొట్టావు. ఎలా పనిచేస్తుందో తెలిస్తే వింత పోతుందన్నది అక్కడే అబద్ధమైంది.

అత్తమ్మ: అక్కడ ఓడిపోయాను. అయితే అసలు మాటకు వస్తాను. నా కోపం అంకెల మీద కాదు, పని మీద. మాయ వస్తువు అంటే ఏమిటి? పని చేసిన మనిషిని కనిపించకుండా చేసేది. పాత్ర తనంతట అన్నం పెడితే వండిన చేయి ఉండదు. తిరగలి తనంతట తిరిగితే విసిరిన చేయి ఉండదు. మాయాబజార్ 1957లో వచ్చింది. అప్పటినుంచి ఎన్నిసార్లు చూశామో లెక్కలేదు. ఆ పెళ్ళి విందు ముందు కూర్చుని తిన్న రంగారావు అందరికీ గుర్తున్నాడు. వండింది ఎవరని అడుగు, ఒక్కరూ చెప్పలేరు. ఇన్ని వందల ఏళ్ళూ మన ఆడవాళ్ళ పనికి జరిగింది అదే. మళ్ళీ నువ్వు కూడా రాజు పేరు, శిల్పి పేరు రాశావు గాని ఆ తిరగలి ఎవరి వంటింట్లో ఉందో రాయలేదు.

మేనల్లుడు: మాయాబజార్‌లో పింగళి నాగేంద్రరావు చేసిన మేలు కూడా చూడాలి. కంబళిని గింబళి, తల్పాన్ని గిల్పం చేసి, ఇంట్లో పరిచే వస్తువులకే ప్రాణం పోశాడు. విడిదిలో మోసగాళ్ళు ఎక్కితే అవి ఊరుకోవు. సత్యపీఠం మీద నిలబడిన శకుని తన గుట్టు తానే బయటపెడతాడు. ప్రియదర్శిని పెట్టె తెరిస్తే ఎవరికి ఇష్టమైనది వాళ్ళకు కనిపిస్తుంది. దేవుళ్ళ ఆయుధాలు కావవి, పెట్టె, పీట, పరుపు, కంబళి. ఇంటి సామానుకు అంత గౌరవం ఇచ్చిన సినిమా ఇంకొకటి చూపించు.

అత్తమ్మ: గౌరవం సామానుకు దక్కింది, చాకిరీకి దక్కలేదు.

మేనల్లుడు: చాకిరీకి దక్కిన చోటు ఒకటుంది. అక్షయపాత్ర.

అత్తమ్మ: సూర్యుడు ధర్మరాజుకిచ్చిన రాగి పాత్రేనా? అదీ ఎంతమందికైనా అన్నం పెట్టే పాత్రే. పని చేసిన చేయి అందులోనూ కనిపించదు.

మేనల్లుడు: దాని మహిమ అందరూ చెబుతారు. నేను దాని హద్దు చెబుతున్నాను. అది ఎప్పుడు ఖాళీ అవుతుంది? ద్రౌపది తిన్నాక. వచ్చిన మునులు, అతిథులు, మొగుళ్ళు ఐదుగురు తినేదాకా పాత్ర నిండుతూనే ఉంటుంది. ఆమె చేయి కడుక్కున్నాక ఆ పూటకు ఇక పనిచేయదు. దూర్వాసుడు శిష్యులతో వచ్చింది సరిగ్గా ఆ వేళకే. కృష్ణుడు వచ్చి పాత్రకు అంటుకున్న మెతుకు వెతకాల్సి వచ్చింది. ఇంట్లో వడ్డించేది చివరికి తింటుంది. ఈ సంగతి ఏ శాసనంలో ఉంది? ఏ తామ్రపత్రం మీద చెక్కారు? ఒక మాయపాత్ర హద్దులో దాచి వేల ఏళ్ళు మోసుకొచ్చారు. దాచింది కల్పన, దాగింది నిజం.

(అత్తమ్మ కాసేపు మాట్లాడలేదు. ముందున్న ఇత్తడి గిన్నె అడుగు చీర కొంగుతో తుడిచి మొదటి వరసలో పెట్టింది.)

అత్తమ్మ: మా అమ్మ చివరికే తినేది. అడుగంటింది గీక్కుని తినేది. ఈ గిన్నె అదే. నిండుగా ఉన్నప్పుడు దీన్ని ఆమె ముందు నేను చూడలేదు... సరే, నువ్వన్నది నిజం. అయితే ఆ నిజమే నీ పుస్తకాన్ని పట్టిస్తుంది. నీ తిరగలికి నువ్వు పెట్టిన హద్దేమిటి? పున్నమినాడు ఏడుసార్లు తిప్పితే ఆగిపోతుందని. ఎందుకు ఏడు? ఆరైతే ఏం? ఎనిమిదైతే ఏం? ద్రౌపది తిన్నాక ఖాళీ కావడం ఒక బతుకులోంచి వచ్చింది. నీ ఏడు ఎక్కడినుంచీ రాలేదు. అందుకే మొదటి పేజీ దగ్గర ఆగిపోయాను. అది కల్పన అని కాదు, దానికి ఇల్లు లేదని.

మేనల్లుడు: (నోటుపుస్తకం మూసి) అయితే ఆ ఇల్లు నువ్వు చెప్పు. తిరగలి గురించి నాకు తెలిసింది అదిగో, పాత సామాన్లవాడి వరసలో ఉన్న రెండు రాళ్ళే.

అత్తమ్మ: తిరగలి అని పుస్తకాల్లో చదువుకున్నాను. కరీంనగర్ పక్క మా ఊళ్ళో ఇసుర్రాయి. కింది రాయి కదలదు, దాని నడుమ మేకు. పై రాయికి గింజ పోసే కన్ను, పక్కన కర్ర పిడి. వాడగా వాడగా రాళ్ళు నునుపెక్కి గింజ నలగదు. అప్పుడు ఉలి, సుత్తి పట్టుకుని ఊళ్ళు తిరిగేవాళ్ళు వచ్చి కక్కు కొట్టి పోయేవాళ్ళు. రాయి మీద ఆ గుంతలు చూశావా? అవి అలంకారం కాదు. రాయి ఎన్నిసార్లు అరిగిందో అన్నిసార్లు కొట్టించిన లెక్క.

మేనల్లుడు: ఒక్కరే విసిరేవాళ్ళా?

అత్తమ్మ: జొన్నలు ఎక్కువుంటే ఇద్దరు. ఎదురెదురుగా కాళ్ళు చాపుకుని కూర్చుని ఒకే పిడిని ఇద్దరూ పట్టుకునేవాళ్ళు. తెల్లవారుజామున, ఇంకా చీకటి ఉండగానే. మా అమ్మ, మా చిన్నమ్మ. పగలంతా ఆ ఇంట్లో కోడళ్ళిద్దరూ నిలబడి మాట్లాడుకోవడానికి లేదు. ఇసుర్రాయి దగ్గర మాట్లాడుకునేవాళ్ళు. రాయి చప్పుడులో ఆ మాట పక్కగదిలోకి వినిపించదు. నోటితో చెప్పలేనిది పాటలో పెట్టేవాళ్ళు. పుట్టిల్లు, అత్తగారు, పోయిన పసిబిడ్డ అన్నీ అందులో ఉండేవి. మన పక్కనే ఉస్మానియాలో బిరుదురాజు రామరాజు గారు జానపద గేయాల మీద పరిశోధన చేశారంటే, అది ఇట్లాంటి నోళ్ళలోంచి వచ్చిన సాహిత్యం మీదే.

మేనల్లుడు: మరి ఎప్పుడు ఆగింది?

అత్తమ్మ: ఊళ్ళోకి కరెంటు గిర్ని వచ్చిన రోజు. ఆలోచిస్తే నీ మాయా తిరగలి అదే కదా! చేయి పెట్టకుండా పిండి పోసింది. అమ్మ బాధపడిందనుకుంటావేమో. లేదు, పండగ చేసుకుంది. భుజం నొప్పి పోయింది, తెల్లవారుజామున ఇంకొంచెంసేపు పడుకోగలిగింది. పాత పనిని పొగిడేవాళ్ళలో చాలామంది ఆ పిడి పట్టినవాళ్ళు కారు. కాని ఆ తర్వాత అమ్మ పాడగా నేను వినలేదు. చిన్నమ్మతో ఆమె అంతసేపు ఎదురెదురుగా కూర్చోవడమూ చూడలేదు. నొప్పి పోయింది, పాటా పోయింది. ఈ రెండూ ఒకే రోజు జరిగాయి. నువ్వు చరిత్ర రాస్తే రెండూ రాయాలి.

మేనల్లుడు: ఈ మాటలు ఏ చరిత్ర పుస్తకంలో ఉన్నాయి అత్తమ్మా? కాకతి గణపతిదేవుడి మోటుపల్లి శాసనం గురించి నువ్వే చెప్పావు. 1244 నాటిది. ఓడ వర్తకులకు అభయమిచ్చి, కర్పూరానికి ఇంత, ముత్యాలకు ఇంత, గంధానికి, ఏనుగు దంతానికి ఇంత అని సుంకం రాయించాడు. ఇసుర్రాయికి అందులో చోటు లేదు. సుంకం రాని వస్తువును రాజు రాతి మీద ఎందుకు రాయిస్తాడు? మరి ఇంటి సామాను సంగతి మనకు ఎలా తెలిసింది? సురవరం ప్రతాపరెడ్డి గారు 1949లో ఆంధ్రుల సాంఘిక చరిత్ర వేశారు. తెలుగులో మొట్టమొదటి సాహిత్య అకాడమీ బహుమతి దానికే వచ్చింది. మనవాళ్ళు ఏం తిన్నారు, ఏం కట్టారు, ఏ ఆటలాడారు అన్నది ఆయన వెతికింది ఎక్కువగా కావ్యాల్లో. ఆయన వాడుకున్నవాటిలో సింహాసన ద్వాత్రింశిక కూడా ఉంది. బొమ్మలు మాట్లాడే మాయ సింహాసనం కథ! దానిలోంచి ఒక జాతి అసలు చరిత్ర తీశారు. కల్పనకు చరిత్రలో చోటు లేదంటే, ఆయన పుస్తకంలో సగం పేజీలు చింపేయాలి.

అత్తమ్మ: గట్టి దెబ్బ కొట్టావు. ఆ పుస్తకం చెప్పే నేను బతికాను. అయితే దాని రెండో వైపు కూడా చూడు. గోపరాజు కథ కల్పించాడు గాని కళ్ళు మూసుకుని కల్పించలేదు. మాయ సింహాసనం చుట్టూ తన కాలపు అంగడిని, తన కాలపు కూడును, తన కాలపు మనుషుల్ని పెట్టాడు. అందుకే సురవరం గారు చేయి పెట్టగానే చేతినిండా దొరికింది. ఆయన కూడా నీలాగా ఏడుసార్లు, పున్నమి, ఆస్థాన శిల్పి అంటూ పోయి ఉంటే ఏం దొరికేది? నీ పుస్తకం ఐదువందల ఏళ్ళు నిలిచిందనుకో. రేపటి సురవరం ఒకాయన దాన్ని తెరుస్తాడు. ఆయన చేతికి ఏం తగులుతుంది?

మేనల్లుడు: ఇప్పుడున్నట్టు అయితే ఏమీ తగలదు.

అత్తమ్మ: అదీ మాట.

మేనల్లుడు: అయినా నా వైపు ఇంకొకటుంది. నిజమైన వస్తువు ఎవరికో ఒకరికే గుర్తు. కథలో పడ్డ వస్తువు అందరిదీ. ఫిన్లాండు వాళ్ళ కలేవాలాలో సాంపో అని ఒక తిరగలి ఉంది. ఇల్మరినెన్ అనే కమ్మరి చేస్తాడు. ఒక పక్కనుంచి పిండి, ఒక పక్కనుంచి ఉప్పు, ఇంకో పక్కనుంచి డబ్బు. దానికోసం కొట్టుకుని చివరికి సముద్రంలో పడేసి ముక్కలు చేసుకుంటారు. ఎలియాస్ లోన్రోట్ పల్లెల్లో పాటలు సేకరించి 1835లో అచ్చు వేశాడు. చలిదేశంలో పిండికి, ఉప్పుకు ఉన్న కరువు తెలుసుకోవాలంటే ఆ తిరగలి చాలు. మన ఇసుర్రాయికి అలాంటి కథ లేదు కాబట్టే అది రెండో వరసలో ఉంది.

అత్తమ్మ: నిజమే. కథ ఉన్న రోకలి మాత్రం ఇప్పటికీ నిలిచింది. మనవైపు పెళ్ళి ఖాయమైతే ఏం చేస్తారు? రోకలికి పసుపుకొమ్ము కట్టి పసుపు దంచుతారు. కుమ్మరింటికి పోయి ఐరేని కుండలు తెస్తారు. బతుకమ్మను సిబ్బిలోనో తాంబాళంలోనో పేరుస్తారు. బోనం మట్టికుండలో ఎత్తుతారు. చేట కాలికి తగిలితే కళ్ళకద్దుకుంటారు, ఖాళీ ఊయల ఊపనివ్వరు, రోలు మీద కూర్చోనివ్వరు. దసరాకు పనిముట్లన్నిటికీ బొట్టు పెడతారు. మన ఇళ్ళల్లో మాయ ఇట్లా ఉంది. పనిచేసే వస్తువులో ప్రాణం ఉందనే నమ్మకం మాత్రం పోలేదు.

మేనల్లుడు: జపాన్‌లోనూ ఆ నమ్మకం ఉంది. నూరేళ్ళు నిండిన పనిముట్టుకు ప్రాణం వస్తుందని, వాటిని త్సుకుమొగామి అంటారని పాత కథలున్నాయి. ఆ గడువు నిండకముందే ఏడాది చివర ఇల్లు దులిపేటప్పుడు పాతవి పారేస్తారట. ఇన్నేళ్ళు సేవచేయించుకుని వీధిలో పారేశారే అని ఆ వస్తువులు కోపం తెచ్చుకుంటాయి. రేపు భోగి. మూడో వరస చూస్తుంటే నాకు ఆ కథే గుర్తొస్తోంది.

(ఇద్దరూ మూడో వరస వైపు చూశారు. విరిగిన కుర్చీ కాళ్ళు, చెదలు తిన్న పీట, కవ్వం, ఒక రోకలి. ఆ పక్కన ఒక చెక్కపెట్టె.)

అత్తమ్మ: ఆ పెట్టె మంటలోకి కాదు, పొరపాటున అక్కడ పెట్టారు. దాని మీద జానెడెత్తున ఆ గీత చూడు. 2000 ఆగస్టు 24. ఒక్కరోజులో ఇరవై నాలుగు సెంటీమీటర్ల వాన. అప్పుడది అశోక్‌నగర్‌లో మా చెల్లెలింట్లో ఉండేది. హుస్సేన్‌సాగర్ నాలా పొంగి నీళ్ళు ఇంట్లోకి వచ్చాయి. పెట్టెలో పెళ్ళిచీరలు, సర్టిఫికెట్లు. నీళ్ళు ఎంతదాకా వచ్చాయో పెట్టే రాసుకుంది. నేను వెతికే శాసనం అట్లాంటిది. అది ఒకరు కల్పించింది కాదు.

మేనల్లుడు: కాని ఆ గీత నీళ్ళదని నువ్వు చెబితేనే నాకు తెలిసింది. నువ్వు చెప్పకపోతే అది మరక. మరకను శాసనం చేసింది నీ మాటే.

అత్తమ్మ: (నెమ్మదిగా) అవును. చెప్పేవాళ్ళు పోతే మరకే.

మేనల్లుడు: ఇస్తాంబుల్‌లో ఓర్హాన్ పాముక్ ఒక పని చేశాడు. 2008లో అమాయకత్వపు మ్యూజియం అనే నవల రాశాడు. 2012లో అదే పేరుతో నిజంగా మ్యూజియం తెరిచాడు. కల్పించిన మనుషులు వాడినట్టుగా ఉప్పుడబ్బాలు, గడియారాలు, టీగ్లాసులు అద్దాల వెనక పెట్టాడు. మనుషులు కల్పన, వస్తువులు నిజం. చూసేవాళ్ళకు తమ అమ్మల వంటిళ్ళు కనిపిస్తాయి. నేను చేయగలిగితే అలాంటిది చేయాలి.

అత్తమ్మ: అయితే నీ తిరగలి హద్దు మార్చు.

మేనల్లుడు: మార్చాను. నువ్వు చెబుతుండగానే మార్చుకున్నాను. పాట పాడుతున్నంతసేపే తిరగలి తిరుగుతుంది. పాట ఆగితే ఆగుతుంది.

అత్తమ్మ: ఒప్పుకోను. మాయ వచ్చాక కూడా వాళ్ళే చీకట్లో లేచి పాడాలా? మా అమ్మకు భుజం నొప్పి తీర్చి గొంతు నొప్పి పెడతావా? పాట వాళ్ళ ఇష్టం. దాన్ని పిండికి వెల చేయొద్దు.

మేనల్లుడు: (చాలాసేపు ఆలోచించి) అయితే ఇట్లా. తిరగలి తనంతట తిరుగుతుంది. ఎవరూ పిడి పట్టనక్కర్లేదు, ఏ వేళకైనా తిరుగుతుంది. కాని దాని ముందు ఇద్దరు మనుషులు ఎదురెదురుగా కూర్చుని, ఒకరి మాట ఒకరు వింటూ ఉండాలి. మగవాళ్ళైనా సరే, ఆడవాళ్ళైనా సరే. ఒక్కరే ఉంటే తిరగదు. ఇద్దరుండి మాట్లాడుకోకపోయినా తిరగదు. రాజుగారి కోటలో అది ఎప్పుడూ పిండి పోయలేదు. అక్కడ ఎవరూ ఎవరి మాటా వినరు. ఆస్థాన శిల్పిని తీసేస్తున్నాను. దాన్ని చేసింది ఊళ్ళు తిరుగుతూ కక్కు కొట్టే మనిషి. ఒక ఇంట్లో ఇద్దరు తోడికోడళ్ళు నొప్పి చేతులతో అన్నం పెడితే, చేసి ఇచ్చి వెళ్ళిపోయింది. అవును, ఆమె కూడా ఆడమనిషే.

అత్తమ్మ: సంవత్సరం?

మేనల్లుడు: సంవత్సరం లేదు. ఆ ఇంట్లో ఎవరూ రాసుకోలేదు. ఆ ఏడు జొన్నలు బాగా పండాయని మాత్రం చెప్పుకుంటారు.

అత్తమ్మ: ఇప్పుడు నీ అట్టమీది మాట ఒప్పుకుంటాను. చరిత్ర అనే రాసుకో. అయితే ఒక షరతు. ఎడమపేజీలో నేను చెప్పిన ఇసుర్రాయి గురించి రాయి, ఊరు పేరుతో, విసిరిన మనుషుల పేర్లతో, అరిగిన లెక్కతో. కుడిపేజీలో నీ మాయా తిరగలి. ఎడమపేజీ ఖాళీగా ఉన్న వస్తువు గురించి కుడిపేజీలో ఒక్క ముక్క రాయొద్దు.

మేనల్లుడు: ఒప్పుకున్నాను. నాదీ ఒక షరతు. కుడిపేజీ ఉంది కాబట్టే ఎడమపేజీ అడిగానని నువ్వు ఒప్పుకోవాలి. ఈ మాయ పిచ్చి లేకపోతే నేను ఆ రెండు రాళ్ళ గురించి నిన్ను ఏనాటికీ అడిగి ఉండేవాణ్ణి కాదు.

అత్తమ్మ: ఒప్పుకున్నాను. ముప్పై ఏళ్ళు పాఠాలు చెప్పాను. మా అమ్మ ఇసుర్రాయి గురించి నన్ను అడిగినవాడివి నువ్వే మొదలు.

చీకటి పడుతుండగా ఇద్దరూ కలిసి ఆ రాళ్ళను రెండో వరసలోంచి మొదటి వరసలోకి దొర్లించారు. రోకలిని మూడో వరసలోంచి తీసి గోడకు ఆనించారు. కవ్వం కూడా మిగిలింది. మర్నాడు మంటలో పడింది చెదలు తిన్న పీట, విరిగిన కుర్చీ కాళ్ళు మాత్రమే.

ఎవరు గెలిచారని నన్నడిగితే, ఇద్దరూ చెరొక సగం నిజంతో వాదం మొదలుపెట్టారని చెబుతాను. మాయ వస్తువు మహిమలో మనిషి కోరిక ఉంటుంది, దాని హద్దులో మనిషి బతుకు ఉంటుంది. కోరికను ఎవరైనా కల్పించగలరు. హద్దును కల్పించడం కుదరదు. అది తెలిసినవాళ్ళను అడిగి తెచ్చుకోవాల్సిందే. అక్షయపాత్ర ఎప్పుడు ఖాళీ అవుతుందో చెప్పగలిగినవాడికి వంటింట్లో చివరగా తిన్న మనిషి ఎవరో తెలిసి ఉండాలి.

విద్యానగర్‌లో, నారాయణగూడలో, చిక్కడపల్లిలో ఈ ఏడు కూడా పాత ఇళ్ళు పడతాయి, అటకలు ఖాళీ అవుతాయి. మీ ఇంటి అటక దించే రోజున, సామాన్లవాడిని పిలవకముందు ఇంట్లో పెద్దామెను పిలవండి. ఒక్కొక్క వస్తువూ ఆమె చేతికిచ్చి దాని పేరేమిటి, ఎవరు చేశారు, ఎవరు వాడారు, ఎప్పుడు ఆగింది అని నాలుగు ప్రశ్నలు అడగండి. చెప్పింది చెప్పినట్టు రాసుకోండి. కథ రాసేవాళ్ళకూ చరిత్ర రాసేవాళ్ళకూ ఆ కాగితమే కావాలి.